అంగి పాట

ఆ రికార్డు మా ఇంటికి వచ్చిన రోజున మా అక్క కింది పెదవికి కుట్లు ఇంకా విప్పలేదు. కుట్లు వేసిన నర్సమ్మే దాన్ని ఇచ్చింది.

మా బావ చెరుకు లారీ నడిపేవాడు. పెళ్లయిన రెండో ఏడు, మోస్రాలో ఒక క్రైస్తవ పెళ్లిలో అక్క కీర్తన పాడింది. అక్క గొంతు మా బోధన్ ఫ్యాక్టరీ క్వార్టర్ల లైన్లలో అందరికీ తెలిసిందే. ఆదివారం గుడిలో ఆమె ఎత్తుకుంటే మిగతావాళ్లు కాసేపు ఆగి, తర్వాత అందుకునేవాళ్లు. ఆ పెళ్లి నుంచి తిరిగి వస్తుంటే లారీ క్లీనర్ ఊరికే ఉండక, "వదిన మస్తు పాడింది అన్నా, మొగోళ్లందరు నోరు తెర్సుకొని సూసిండ్రు" అన్నాడు. బావ లారీ ఆపలేదు. స్టీరింగ్ ఒక చేత్తో పట్టుకుని, రెండో చేతి మోచేతితో పక్కన కూర్చున్న అక్కను మూతి మీద పొడిచాడు. ఆమె పన్ను ఆమె పెదవిలోంచి ఇవతలికి వచ్చింది. నిజామాబాద్ దవాఖానకు తీసుకుపోయేదాకా అక్క కొంగును నోట్లో కుక్కుకునే ఉంది.

అక్కడ అమెరికా నుంచి వచ్చిన ఒక నర్సమ్మ ఉండేది. పొడుగు మనిషి, చేతుల నిండా గోధుమరంగు మచ్చలు. బైబిలు చదివి తెలుగు నేర్చుకున్నదేమో, అచ్చం బైబిలులాగే మాట్లాడేది. "కుమారీ, నిన్ను ఎవడు కొట్టెను?" అని అడిగింది. అక్క చెప్పలేదు. చెప్పడానికి నోరు కూడా లేదు. పక్కన ఉన్న నేను చెప్పాను. నాకప్పుడు పదహారేళ్లు. ఆమె సూది గుచ్చింది.

ఆ నెలలోనే ఆమె ఉద్యోగం ముగించుకుని దేశానికి వెళ్లిపోతోంది. సామానంతా పంచిపెడుతోంది. ఒకరికి కుర్చీ, ఒకరికి దుప్పటి. కట్టు మార్చుకోవడానికి వెళ్లిన రోజు అక్కను తన గదికి పిలిచి, మూత ఉన్న చిన్న పెట్టె ఒకటి చూపించింది. టార్చి సెల్లులతో నడిచే రికార్డు పెట్టె. దానితోపాటు ఒకే ఒక రికార్డు. హోటళ్లలో మోగే పెద్ద రికార్డులాంటిది కాదు. సాసరంత ఉంది, మధ్యలో రూపాయి బిళ్ల దూరిపోయేంత బెజ్జం. దానికో పక్కన ఒక పాట, ఇంకో పక్కన ఒక పాట.

నర్సమ్మ ముల్లు పెట్టింది. తీగల వాయిద్యం ఏదో మొదలైంది. వెనకాల ఫిడేలు ఒకటి సాగదీస్తూ ఏడ్చింది. తర్వాత ఒక ఆడమనిషి గొంతు వచ్చింది. ముక్కుతో పాడినట్టు, కొంచెం బొంగురుగా, పొలంలో అవతలి గట్టున ఉన్నవాళ్లను పిలుస్తున్నట్టు ఉంది. తెల్లవాళ్ల పాటలంటే గుడిలో హార్మోనియం మీద వాయించే పాటలే మాకు తెలుసు. ఇది అలా లేదు. మా నాట్లు వేసే ఆడవాళ్లు పాడితే ఎలా ఉంటుందో అలా ఉంది.

"ఇది గుడిలో పాడు పాట కాదు" అని నర్సమ్మ నవ్వింది. "మా కొండ ఊళ్ల స్త్రీ పాడెను. నా తమ్ముడు పంపెను." తర్వాత ఒక్కో చరణం ఆపి అర్థం చెప్పింది. "ఈ స్త్రీ ప్రతి సోమవారము తన భర్త చొక్కాను ఏటిలో ఉతుకుచున్నది. చేతి దగ్గర ఒక మరక కలదు. ఎంత రుద్దినను పోదు. అది ఆమె ముక్కునుండి కారిన రక్తము. అతడు కొట్టినప్పుడు అంటినది. ఒక సోమవారము ఏరు నిండుగా పారుచుండగా ఆమె చేయి విప్పెను. చొక్కా పోయెను. ఎవరి రక్తమని ఏరు అడుగలేదు. అంతే."

అక్క కుట్ల పెదవిని చేత్తో పట్టుకుని ముల్లును మళ్లీ మొదటికి పెట్టమని సైగ చేసింది.

అలా ఆ పెట్టె మా ఇంటికి వచ్చింది. మా బాపు చక్కెర ఫ్యాక్టరీలో చెరుకు నలిపే రోలర్ల దగ్గర పని చేసేవాడు. సీజన్లో ఆయన ఒంటి నుంచి ఎప్పుడూ పులిసిన తీపి వాసన వచ్చేది. లైన్లలో మాది చివరి గది. అక్క పెదవి మానేదాకా మా దగ్గరే ఉంది. రోజంతా అదే పాట. సెల్లులు నీరసించినప్పుడు ఆ అమెరికా ఆమె గొంతు మగవాడి గొంతులా సాగేది. అప్పుడు సెల్లులు తీసి రేకు మీద ఎండబెట్టేవాళ్లం. కాసేపు ఎండితే ఇంకో రెండు సార్లు పాడేది.

బాపు విసుక్కునేవాడు కానీ ఆపమనేవాడు కాదు. మా అమ్మను మేం అవ్వ అనేవాళ్లం. అవ్వ మాత్రం కుడి చెవి పెట్టెవైపు తిప్పి కూర్చునేది. ఆమె ఎడమ చెవి వినపడదు. నేను పుట్టక ముందు బాపు కొట్టిన దెబ్బకు ఆ చెవిలోంచి నెత్తురు వచ్చి, చీము పట్టి, అట్లాగే పోయింది. ఆ సంగతిని బాపు చుట్టాల ముందు నవ్వుతూ చెప్పేవాడు. "మా ఆమెను తిట్టాలంటె కుడి దిక్కు వొయ్యి నిలబడాలె" అనేవాడు. అందరూ నవ్వేవాళ్లు. అవ్వ కూడా నవ్వేది. మా లైన్లలో చెయ్యి పడని ఇల్లు ఉండేదని నాకు గుర్తు లేదు. మధ్యాహ్నం షిఫ్టు వదిలితే ఏదో ఒక గదిలోంచి గిన్నెలు పడేవి, పిల్లలు బయటికి ఉరికేవాళ్లు. కాసేపు ఆగి వాళ్లే లోపలికి వెళ్లేవాళ్లు.

కుట్లు విప్పాక అక్క పాడడం మొదలుపెట్టింది. ఇంగ్లీషు నోటికి పట్టలేదు. రాగం అదే ఉంచి మాటలు తనే కట్టింది.

సోమారం సోమారం అంగి ఉతికితి
ముంజేతి మరకనేమొ మస్తు రుద్దితి
ఎవ్వలి నెత్తురని కాల్వ అడగలె
ఇడిసిపెడితి సేతులార, ఎన్క సూడలె

మొదటిసారి పూర్తిగా పాడినప్పుడు అవ్వ బియ్యం ఏరుతోంది. చేట పక్కన పెట్టి, "గిది గుడిల పాడకు బిడ్డా" అంది. కాసేపటికి, "మల్లొకపారి పాడు" అంది.

పంట కోతకు వచ్చే వేళకు బావ పెద్దమనుషులను వెంటేసుకుని వచ్చాడు. ఆదివారం ఆరాధన అయ్యాక గుడి వరండాలో కూర్చున్నారు. అందరిలోకీ ముసలాయన అక్కతో, "మొగడన్నంక కోపం రాకుంటదా బిడ్డా, తప్పయిందంటుండు, పో" అన్నాడు. బావ బైబిలు మీద చెయ్యి పెట్టాడు. "ఇగ చెయ్యెత్త" అన్నాడు. అప్పుడు ఆయన కళ్లలో నీళ్లు తిరిగాయి. అవి దొంగ నీళ్లని నేను ఇప్పటికీ అనలేను. నవ్వితే అందమైన మనిషి. పెళ్లయిన కొత్తలో చెరుకు బండి మీంచి లేత గడలు ఏరి, తనే పొట్టు తీసి, ముక్కలు చేసి అక్క ఒళ్లో పోసేవాడు.

అక్క ఒక్కటే మాట అడిగింది. "పెట్టె నాతోని వస్తది. చెల్లె గూడ వస్తది."

"రానియ్యి, నాకేంది" అని బావ నవ్వాడు.

అట్లా నేను రుద్రూర్ దిక్కు వెళ్లాను. బావకు అక్కడ చెరుకు తోటల అంచున ఒక రేకుల గది ఉండేది. కోతల కాలం కాబట్టి అక్కా నేనూ కూలికి పోయాం. మాతోపాటు సరిహద్దు అవతలి మరాఠీ ఊళ్ల నుంచి వచ్చిన కూలీలు ఉన్నారు. ఆ ఆడవాళ్లలో పెద్దామెను అందరూ మావ్‌శీ అనేవాళ్లు, అంటే చిన్నమ్మ. నల్లగా, బక్కగా, చెరుకు గడలాగే గణుపులు తేలిన మనిషి. చేతిలో కోయతా ఉండేది. చెరుకు కొట్టే ఆ వంకీ కత్తి ఆమె చేతికి ఇంకో వేలులాగే కనిపించేది.

చెరుకు కోత చూడడానికే తియ్యటి పని. ఆకు అంచు రంపంలా ఉంటుంది. ముఖం మీద, మెడ మీద గీతలు పడి, చెమట దిగితే మండేవి. నరికిన మోడులు పాదాల్లో దిగేవి. ఒకరోజు నా పక్కన కొడుతున్న ఆమె కాలి వేలు తన కత్తికే తెగిపోయింది. మావ్‌శీ నోట్లో తంబాకు నమిలి ఆ గాయం మీద ఊసి, గుడ్డతో బిగించింది. ఆమె లేచి మళ్లీ కత్తి పట్టింది. కూలీలను తెచ్చిన ముకద్దం గట్టు మీద నిలబడి చూస్తూనే ఉన్నాడు. అతని చేతిలో ఎప్పుడూ ఒక గడ ఉండేది. వెనకబడ్డవాళ్ల పిక్కల మీద ఆ గడ పడేది. ఆడా మగా తేడా లేదు.

ఆ మడిలోనే అక్క పాట ఎత్తుకుంది. రాగం నెమ్మదిగా పోయేది కదా, అక్క దాన్ని కత్తి దెబ్బకు సరిపోయేలా బిగించింది. ఒక్కో వరస చివర అందరి కత్తులు ఒకేసారి మోడు మీద పడేవి. "అంగి ఉతికితి", ఠక్. "మస్తు రుద్దితి", ఠక్. రెండు మూడు రోజుల్లో మరాఠీ ఆడవాళ్లు తమ మాటలు కట్టుకున్నారు. మూడో వరస దగ్గర మావ్‌శీ పాడడం ఆపి కత్తి మాత్రం కొట్టేది. ఆమె చెల్లెల్ని కట్టుకున్న మొగుడే కొట్టి చంపి బావిలో పడేశాడని తర్వాత తెలిసింది. ఆయనకు ఏ శిక్షా పడలేదట. "గా, పోరీ" అనేది అక్కతో, పాడు పిల్లా అని.

మధ్యాహ్నం తిండి వేళ పెట్టె తెచ్చి అసలు పాట వినిపించేవాళ్లం. అమెరికా ఆమె గొంతు వినిపించగానే ఆడవాళ్లు రొట్టె నమలడం ఆపేవాళ్లు. "గీమె ఏ ఊరామె?" అని ఒకామె అడిగింది. "మస్తు దూరం" అంది అక్క. "గాడ గూడ గట్లనే ఉంటదా?" అంది ఆమె. అక్క అవునన్నట్టు తల ఊపింది.

పాట ఆ మడిలో ఆగలేదు. లోడు ఎత్తేవాళ్లు నేర్చుకున్నారు. లారీలతోపాటు వర్నికి పోయింది, బోధన్‌కు పోయింది. దానికి అంగి పాట అని పేరు పడింది. ఎవరు కట్టారో కూడా తెలిసిపోయింది.

ఫ్యాక్టరీ ముందు లారీలు వరసలో గంటల తరబడి ఆగేవి. డ్రైవర్లకు పని ఉండదు, బీడీలు, మజాకులు. ఒకరోజు అక్కడ ఎవరో బావను పట్టుకున్నారు. "ఏమన్నా, ఉత్త బనీన్ మీద వచ్చినవ్, అంగి కాల్వల కొట్కపోయిందా?" అన్నారు. ఇంకొకడు ముక్కుతో పాట పాడి చూపించాడు. బావ వాడి మూతి పగలగొట్టాడు. పది మంది కలిసి బావను కింద పడేసి తన్నారు. ఇదంతా మాకు తర్వాత క్లీనర్ చెప్పాడు.

ఆ మధ్యాహ్నం మేం గది ముందు నీడలో కూర్చుని జొన్నరొట్టె, ఉల్లిగడ్డ తింటున్నాం. లారీ మడి గట్టు మీదికి ఎక్కి ఆగింది. బావ దిగాడు. బనీన్ చినిగింది, కన్ను ఉబ్బింది. చేతిలో లారీ స్టార్టు చేసే ఇనుప హ్యాండిల్ ఉంది.

"గా పాట ఎవ్వలి మీద కట్టినవ్?" అని అడిగాడు. గొంతు పెంచలేదు.

అక్క చేతిలో రొట్టె కింద పెట్టింది. లేదని చెబితే సరిపోయేది. నేను ఆమె మోకాలు గిల్లాను కూడా.

"నీ మీదనే" అంది. "ఇంకెవ్వలి మీద కడ్త?"

బావ లోపలికి వెళ్లాడు. పెట్టెలోంచి రికార్డు తీసి, రెండు చేతులతో వంచాడు. అది కాసేపు వంగి, తర్వాత ఫట్‌మని విరిగింది. పెట్టెను బయటికి విసిరి హ్యాండిల్‌తో కొట్టాడు. మూత, చక్రం, సెల్లులు తలో దిక్కు పోయాయి. అక్క కదల్లేదు. అప్పుడు ఆయన ఆమె వైపు తిరిగాడు. మొదటి దెబ్బ ఎడమ భుజం మీద పడింది. ఎముక చప్పుడు నాకు వినపడింది. నేను వెనక నుంచి ఆయన నడుము పట్టుకున్నాను. ఒక్క విదిలింపుకు నేను వెళ్లి రుబ్బురోలు మీద పడ్డాను. నా మణికట్టు వెనక్కి తిరిగిపోయింది. నొప్పి వెంటనే తెలియలేదు. చెయ్యి మాత్రం నా మాట వినలేదు.

లేచి చూసేసరికి అక్క వెల్లకిలా ఉంది. బావ ఆమె ఛాతీ మీద మోకాలు పెట్టి, హ్యాండిల్‌ను అడ్డంగా ఆమె గొంతు మీద ఆనించి రెండు చేతులతో నొక్కుతున్నాడు.

"పాడు" అంటున్నాడు. "ఇప్పుడు పాడు. పాడవేంది? పాడు."

ఆయన ఏడుస్తున్నాడు. అది నేను మరిచిపోలేదు. ఏడుస్తూనే నొక్కుతున్నాడు. అక్క కళ్లు ఎర్రబడి బయటికి వచ్చాయి. మడమలు నేలను కొడుతున్నాయి. నేను మడి వైపు తిరిగి అరిచాను. ఏమని అరిచానో తెలియదు.

చెరుకులోంచి ఆడవాళ్లు వచ్చారు. ముందు మావ్‌శీ. ఆమె కోయతా వెనక్కి తిప్పి, మొద్దు వైపుతో బావ వీపు మీద కొట్టింది. ఇంకోసారి కొట్టింది. హ్యాండిల్ జారింది. అక్క పక్కకు దొర్లింది. ఊపిరి కోసం ఆమె చేసిన చప్పుడు మనిషి చేసే చప్పుడులా లేదు. నా కత్తి గోడకు ఆనించి ఉంది. దొర్లుతూనే దాన్ని అందుకుంది. బావ మోకాళ్ల మీద లేచి ఆమె జుట్టు కోసం చెయ్యి చాపాడు. అక్క కత్తి తిప్పింది, మడిలో మోడు మీద కొట్టినట్టే. ఆయన కుడి చేతి వేళ్లు రెండు చెరుకాకుల మీద పడ్డాయి.

బావ చెయ్యి ముఖం దగ్గరకు తెచ్చుకుని చూసుకున్నాడు. అప్పుడు ఆడవాళ్లు మీద పడ్డారు. చేతికి అందిన గడలతో కొట్టారు. గడలు విరిగి రసం కారింది. కొట్టినవాళ్లలో కాలి వేలు తెగిన ఆమె ఉంది, ఎప్పుడూ నోరెత్తని ఒక కొత్త కోడలు ఉంది. ముకద్దం గట్టు మీది నుంచి కిందికి దిగలేదు. చేతిలో గడ కింద పెట్టి చూస్తూ నిలబడ్డాడు. బావ ముడుచుకుపోయాక మావ్‌శీ కోయతా అడ్డం పెట్టి, "బస్. సస్తే అందరం జైలుకు పోతం" అని వచ్చీరాని తెలుగులో అంది. వాళ్లు ఆగారు.

ఇంకో లారీ డ్రైవర్ మమ్మల్ని నిజామాబాద్ తీసుకుపోయాడు. బావను ముందు సీటులో క్లీనర్ పట్టుకుని కూర్చున్నాడు. ఆయన చేతికి మావ్‌శీ తన కొంగు చింపి కట్టింది. అక్కనూ నన్నూ వెనక చెరుకు లోడు మీద పడుకోబెట్టారు. అక్క మెడ నల్లగా ఉబ్బి, గడ్డం, గొంతు ఒకటైపోయాయి. ఒక్కో ఊపిరికి ఈల వేసినట్టు చప్పుడు. దారి పొడవునా నేను బాగున్న చేత్తో ఆమె ముక్కు ముందు గాలి తగులుతోందో లేదో చూస్తూ వెళ్లాను.

దవాఖానకు పోలీసు ఠాణా నుంచి జమాదారు వచ్చాడు. ముందు బావ మంచం దగ్గరకు వెళ్లాడు. మధ్యలో గుడ్డ తెర, మాకు అన్నీ వినిపిస్తున్నాయి. అక్కను తీసుకుపోతారు, అంతే అనుకున్నాను.

"ఎట్ల తెగినయి?" అన్నాడు జమాదారు.

"చెరుకు కొడ్తుంటె తగిలింది" అన్నాడు బావ.

"నువ్వు డ్రైవర్‌వి. చెరుకెందుకు కొట్టినవ్?"

"ఊకెనే. మజాక్‌కి."

"మరి ఒళ్లంత గీ వాతలేంది?"

"లోడు మీదికెళ్లి వడ్డ."

పెళ్లాం వేళ్లు నరికిందని, ఆడవాళ్లు కొట్టారని చెప్పుకోలేకపోయాడు. ఇజ్జత్ ఆయన నోరు మూసింది. అది మా మీద దయ కాదు. జమాదారు తెర తీసి అక్కను చూశాడు. అక్క మాట్లాడలేదు కాబట్టి నేనే చెప్పాను. "చెరుకు మోపు మెడ మీద వడ్డది" అన్నాను. ఆయన నా చేతి కట్టు చూశాడు, అక్క మెడ మీద అడ్డంగా పడ్డ నల్లటి గీత చూశాడు. "మీ ఇంట్ల అందరికి ఒక్కనాడే దెబ్బలు తాకినయా?" అన్నాడు. రాసుకున్న కాగితం మడిచి జేబులో పెట్టుకుని వెళ్లిపోయాడు.

అక్క బతికింది. కానీ గొంతు లోపల ఏదో నలిగిపోయిందని, ఇంక బాగయ్యేది లేదని డాక్టరు చెప్పాడు. వాపు తగ్గాక మిగిలింది గుసగుస మాత్రమే. ఇంట్లో పొయ్యి దగ్గర కూర్చుని పిలిస్తే గుమ్మం దాకా వినపడేది కాదు. తొలి రోజుల్లో నోరు తెరిచి, రాగం అందుకోబోయి, గాలి తప్ప ఏమీ రాక, మూసుకునేది. నేను చూడనట్టు ఉండేదాన్ని. ఒకరోజు నా వైపు తిరిగి, "సూడు, సూడు, ఏం కాదు" అంది గుసగుసగా. ఆ తర్వాత ప్రయత్నించడం మానేసింది.

పెద్దమనుషులు మళ్లీ వచ్చారు. ఈసారి మా ఇంటికే. ఇద్దరిదీ తప్పు ఉంది, లెక్క సరిపోయింది, ఇంక కలిసి ఉండాలి అన్నారు. బాపు మంచం మీద కూర్చుని తల ఊపాడు. వాళ్లు చాయ తాగి వెళ్లాక, "ఇంట్ల ఎన్ని రోజులు పెట్టుకుంటం? పొద్దుగాల్ల నేనే తోల్కపోత" అన్నాడు.

అవ్వ పొయ్యి ముందు ఉంది. అంటుకున్న కట్టెను బయటికి లాగి, లేచి వచ్చి బాపు భుజం మీద కొట్టింది. నిప్పురవ్వలు చిట్లి ఆయన బనీన్ మీద పడ్డాయి. బాపు లేచి చెయ్యెత్తాడు. అక్క వచ్చి అవ్వ పక్కన నిలబడింది. చేతికి పిండికట్టుతో నేనూ నిలబడ్డాను. బాపు మమ్మల్ని ముగ్గురినీ చూసి, చెయ్యి దించి, కాలిన భుజం రుద్దుకుంటూ కూర్చున్నాడు.

"నాకు ఒక్క చెవే ఉంది" అంది అవ్వ. "గా చెవుల గీ మాట మల్ల పడొద్దు."

ఆయన మళ్లీ ఆ మాట ఎత్తలేదు. అవ్వ మీద చెయ్యి కూడా ఎత్తలేదు. భుజానికి మాత్రం రోజూ కొబ్బరినూనె రాయించుకునేవాడు, ఆమెతోనే.

అక్కకు నిజామాబాద్‌లో ఒక దవాఖానలో ఆయా పని దొరికింది. దగ్గరలోనే ఒక గది తీసుకుంది. బావ కోలుకుని, మిగిలిన వేళ్లతో స్టీరింగ్ పట్టడం నేర్చుకుని, రెంజల్ దిక్కు నుంచి ఇంకో పిల్లను చేసుకున్నాడు. నాకు పెళ్లయింది. నా మణికట్టు వంకరగానే అతికింది. బిందె ఎత్తితే ఇప్పటికీ సూది పొడిచినట్టు ఉంటుంది.

డెబ్బైలు మొదలైన కొత్తలో, ఎండాకాలం మధ్యాహ్నం, ఆ రెండో ఆమె అక్క గది ముందుకు వచ్చి నిలబడింది. నేను ఆ రోజు అక్క దగ్గరే ఉన్నాను. ఆమె చంకలో చిన్న ఆడపిల్ల. ఒక పక్క ముఖం ఊది కన్ను మూసుకుపోయింది. తానెవరో చెప్పడానికి ఆమె నోరు తెరవకముందే అక్కకు అర్థమైంది.

"నేను యాడికి వోవాల్నో తెల్వలె" అంది ఆమె. "మీ అవ్వగారింటికి వోరాదు" అన్నాను నేను, కొంచెం కటువుగానే. "వొయ్యిన. తోలిచ్చిండ్రు" అంది. అక్క నన్ను పక్కకు జరిపి, ఆమె చంకలోంచి పిల్లను తీసుకుంది.

మర్నాడు పొద్దున బావ వచ్చాడు, ఇద్దరు మనుషులను వెంటేసుకుని. అక్క గుమ్మంలో కూర్చుని కత్తిపీట మీద మాంసం కోస్తోంది. లేవలేదు. బావ మెట్టు దగ్గర నిలబడి, "దాన్ని పంపు" అన్నాడు. అక్క ఏదో అంది. గుసగుస కదా, ఆయనకు వినపడలేదు. వంగాడు. అక్క మళ్లీ అంది. బావ వెనక్కి జరిగాడు. వెంట వచ్చినవాళ్ల వైపు చూశాడు. వాళ్లు ఆయన చేతి వైపు చూస్తున్నారు. మెట్టు దగ్గర నుంచే తిరిగి వెళ్లిపోయాడు.

"ఏమన్నవక్కా?" అని అడిగాను.

"‘ఇంకో చెయ్యి ఉన్నది గద’ అన్న" అంది. మాంసం ముక్కలు గిన్నెలో వేసి చేతులు కడుక్కుంది.

ఆ రెండో ఆమె వెళ్లలేదు. అక్క ఆమెకు తను పని చేసే చోటే ఊడ్చే పని పెట్టించింది. చాలా ఏళ్లు ఇద్దరూ ఆ ఒక్క గదిలోనే ఉన్నారు. దేవతల్లా ఏం ఉండలేదు. సబ్బు అరిగిపోయిందని, నీళ్లు ఎవరు తేవాలని, పిల్లకు చద్దన్నం పెట్టావని రోజూ కొట్లాట. ఆమె గొంతు వీధి చివరికి వినపడేది. అక్క జవాబు నాలుగు అడుగుల దూరంలో కూడా వినపడేది కాదు. అందుకే వాడకట్టు వాళ్లంతా మా అక్కను చూసి పాపం, ఎంత ఓపిక, ఒక్క మాట తిరిగి అనదు అనేవాళ్లు. దగ్గర కూర్చుని విన్న నాకు తెలుసు, అక్క తిట్టే తిట్లు అంతకు రెండింతలు మోటుగా ఉండేవి.